బంక, జిగురు, జిగట: వృక్షనామములందలి లాటిన్ విశేషణములు

వృక్షశాస్త్రము చదువు మన విద్యార్థులు లాటిన్ పేర్లను వల్లించుచున్నారే గాని వాని వ్యుత్పత్తిని విచారించుట లేదు. విచారించిన చోటను విస్కోసా, గ్లూటినోసా, మ్యూసిడా అను మూడు విశేషణములకును 'జిగురుగలది' అని ఒకే యర్థము చెప్పి ముగించుట కలదు. ప్రవృత్తినిమిత్తము వేరైన శబ్దములను పర్యాయములుగా గ్రహించుట శాబ్దికులకు సమ్మతము కాదు. వానికి మన భాషలో వేరువేరు మాటలు లేకపోలేదు. ఉండియు వాడకుండుటయే నా యాక్షేపము.

విస్కమ్ అనునది లాటిన్‌లో రెండర్థములు గల శబ్దము. చెట్లపై మొలచు ఒక బదనికకును, దాని పండ్లనుండి తీసి పక్షులను పట్టుటకు కొమ్మలకు పూయు బంకకును అదియే పేరు. గ్రీకు భాషలోని ఇక్సోస్ శబ్దమును ఇట్లే యుభయార్థకము. ఆ బంకను చేయు విధమును ప్లినీ తన ప్రకృతిచరిత్ర 16వ భాగమున వర్ణించియున్నాడు. దానినుండియే విస్కోసస్ అను విశేషణము పుట్టినది. కావున 1753లో లిన్నేయస్ మన కుక్కవామింటకు క్లియోమె విస్కోసా యని పేరిడినప్పుడు దానికి బదనికతో చుట్టరికము చెప్పలేదు. ముట్టిన వ్రేళ్లకు వేటకాని బంకవలె అంటుకొనుననియే తాత్పర్యము. మెట్టగుట్టలపై పెరుగు బందారునకును ఆ యేటనే ఆయన ప్తీలియా విస్కోసా యని పేరిడగా, 1760లో జాక్విన్ దానిని డొడోనియా విస్కోసాగా మార్చెను. విశేష్యము మారినను విశేషణము చెక్కుచెదరలేదు. ఇట్టి బదనికలనే మనవారు వృక్షాదని యనిరి. రోమకులు దాని బంకను చూచిరి, మనవారు అది చెట్టును తినుటను చూచిరి.

గ్లూటెన్ అనగా అతికించు జిగురు. ఐరోపాలో ఏటియొడ్డులను పెరుగు ఆల్నస్ గ్లూటినోసా యను చెట్టు మొగ్గలును లేతాకులును జిగురుగా నుండును. ఇందొక వ్యాకరణ విశేషము కలదు. ఆల్నస్ శబ్దము చూచుటకు పుంలింగమువలె నున్నను, లాటిన్‌లో వృక్షవాచకములు ప్రాయికముగా స్త్రీలింగములు. అందుచే విశేషణము గ్లూటినోసా యైనది. భార్యార్థకమైన దారశబ్దమును పుంలింగమని నేర్చినవారికి ఇందు వింత యేమియు నుండదు. గాంఫిడియస్ అను పుట్టగొడుగు పేరు నిజముగనే పుంలింగము గనుక అది గ్లూటినోసస్ అయినది.

పుట్టగొడుగులలో ఈ అర్థభేదము మరింత స్ఫుటము. బీచ్ చెట్టు మ్రానుపై తెల్లగా మొలచు ఔడెమాన్సియెల్లా మ్యూసిడా గొడుగుపై కఫమువంటి పొర యుండును. మ్యూకస్ అనగా చీమిడి. లియోషియా లుబ్రికా యందలి లుబ్రికస్ శబ్దమునకు జారునది యని యర్థము. అంటుకొనుట అందులో లేనే లేదు. జారుదానిని జిగురనుట విపరీతార్థమే యగును.

సంస్కృత పదము కావలెననువారు స్నిగ్ధశబ్దము నాశ్రయింతురు. భౌతికశాస్త్ర పాఠ్యగ్రంథములలో ద్రవముల యందలి అంతర్ఘర్షణకు స్నిగ్ధత యను పేరు స్థిరపడినది. చూర్ణములను ముద్దగా కూర్చు గుణము స్నేహమని, అది జలమునందే యుండునని తార్కికులు చెప్పిరి గనుక ఆ వాడుకకు కొంత యాధారము కలదు. అది అట్లే యుండనిండు. కాని ఆయుర్వేదమున గుర్వాది గుణములు ఇరువదింటిలో స్నిగ్ధమునకు విరోధి రూక్షము, పిచ్ఛిలమునకు విరోధి విశదము. స్నిగ్ధము జిడ్డు, పిచ్ఛిలము జిగట. కాగా మ్యూసిడాకు పిచ్ఛిలము లేదా జిగట, విస్కోసాకు బంక, గ్లూటినోసాకు జిగురు, లుబ్రికాకు జారుడు తగియున్నవి.

విరిగి చెట్టును చూడుడు. జనులు బంకనక్కెర యనియు, అమరసింహుడు శ్లేష్మాతకమనియు చెప్పిన దానికి ఐరోపా పండితులు చిరకాలము కార్డియా మిక్సా యను లిన్నేయస్ నామమునే వాడిరి. మన దేశపు చెట్టును ఇప్పుడు కార్డియా డైకోటోమాగా వేరుపరచుచున్నారు. అయినను రెండింటి పండ్ల గుజ్జును జిగటయే. గ్రీకున మిక్సా యనగా చీమిడి. శ్లేష్మశబ్దము అంటుకొనుట యను నర్థము గల శ్లిష్ ధాతువునుండి పుట్టినది. ఆ గుజ్జును చూచిన రెండు దేశములవారును ఒకే పోలికను పట్టిరి. ఈ రెండు పేర్లను ప్రక్కప్రక్కన చూపినచో విద్యార్థి మిక్సా యను మాటను మరల వల్లింపనక్కరలేదు. వృక్షశాస్త్ర పారిభాషిక పదకోశములను సవరించునపుడు సంస్కృతాంధ్రములు నేర్చినవారి నొకరినైనను ప్రక్కన కూర్చుండబెట్టుకొనవలెను. వారికి లాటిన్ రానక్కరలేదు. వ్యుత్పత్తి చెప్పిన చాలును, తగిన మాటను వారు చూపగలరు.