అనాకారి చేప మీద ఒక ఊరి నవ్వు

చేప గురించి స్త్రీవాద పత్రికలో రాయడమేమిటని అడిగే స్నేహితులు నాకున్నారు. మూతి మీద, ఒంటి రంగు మీద, పొట్ట మీద నలుగురూ చేరి నవ్వుకునే తంతు ఎక్కడ జరిగినా అది మన విషయమేనని నా వాదన. ఆ నవ్వు చేప మీదయినా సరే.

అమెరికాలోని మిన్నెసోటా రాష్ట్రంలో, లీచ్ లేక్ అనే పెద్ద సరస్సు ఒడ్డున వాకర్ అనే ఊరుంది. జనాభా వెయ్యి లోపే. చలికాలంలో సరస్సు గడ్డకట్టి, మీద ట్రక్కులు తిరిగేంత గట్టిపడుతుంది. ఆ మంచుకి కన్నాలు తొలిచి, పైన చిన్న చిన్న గదులు నిలిపి, గాలాలు వేసుకుని కూర్చుంటారు. 1979లో అక్కడ ఈల్‌పౌట్ ఉత్సవం మొదలైంది. 2019 తర్వాత కొంతకాలం ఆగి, మళ్ళీ నడుస్తోంది. మంచి రోజుల్లో పదివేల మందికి పైగా వచ్చేవారు.

ఈల్‌పౌట్ అసలు పేరు బర్బట్. సముద్రంలో ఉండే కాడ్ చేపకి మంచినీళ్ళలో మిగిలిన చుట్టం. జిగట ఒళ్ళు, గడ్డం కింద ఒకే ఒక్క మీసం, పట్టుకుంటే చేతికి చుట్టుకునే తోక. ఉత్సవపు సరదా అంతా ఈ రూపం మీదే. అది ఎంత వికారంగా ఉందో చెప్పుకోవడం, దాన్ని ముద్దు పెట్టుకుని ఫొటో దిగడం. ఆ ముద్దులో హాస్యం ఎక్కడుంది? ఇలాంటిదాన్ని కూడా ముద్దు పెట్టుకోగలిగిన మగవాడి ధైర్యంలో. మన సినిమాల్లో లావుగా, నల్లగా ఉన్న హాస్యనటిని హీరో స్నేహితుడికి అంటగట్టి హాలంతా నవ్వించే సన్నివేశం గుర్తు రావడం లేదూ?

మినియాపొలిస్‌లో ఉంటున్న మా పెద్దమ్మ కూతురితో ఈ మాటంటే, "వదిలెయ్యవే, సరదాకి చేసుకుంటారు. అన్నిట్లోనూ నీకు పితృస్వామ్యమే కనిపిస్తుంది" అంది. కనిపిస్తుందక్కా, ఏం చెయ్యను?

చేపని స్త్రీకి ప్రతీక చెయ్యడం నాకిష్టం లేదు. మనల్ని నదులనీ, పూలనీ, నేల అనీ అన్నవాళ్ళు చాలు. నేను చెప్పేది ప్రతీక కాదు, జీవశాస్త్రం. బర్బట్ గుడ్లు పెట్టేది చలికాలంలోనే. మంచు కింద, చీకట్లో, గుంపులు గుంపులుగా చేరి పెడుతుంది. పెద్ద ఆడచేప పది లక్షల గుడ్ల దాకా మోస్తుంది. గాలానికి తేలిగ్గా దొరికేదీ ఆ గుంపులు కట్టే కాలంలోనే. ఫిబ్రవరి ఉత్సవంలో పైకెత్తి, ఊపి, నవ్వించే ఆ పొట్టల్లో ఏముంటుందో చెప్పాలా?

మిన్నెసోటా చట్టం ఈ చేపని చాలాకాలం నాసిరకం చేపల జాబితాలో ఉంచింది. ఎన్ని పట్టినా అడ్డు లేదు. వాలై చేప కోసం వచ్చినవాళ్ళు ఇది పడితే మంచు మీదే పారేసి పోవడం మామూలు. ఇటీవలి సంవత్సరాల్లోనే దాన్ని ఆ జాబితాలోంచి తీసి, పట్టడానికి పరిమితి పెట్టారు. పారెయ్యడానికి ముందు పనికిరాదనాలి. పనికిరాదనడానికి ముందు అనాకారి అనాలి. ఈ వరస మనకి కొత్తదా?

అసలది పనికిరానిదేమీ కాదు. ఫిన్లాండ్‌లో ఈ చేప పులుసు, గుడ్లు చలికాలపు విందు. అదే మిన్నెసోటాలో బాడెట్ అనే ఊళ్ళో 1930లలో దీని కాలేయం నూనెని విటమిన్ల కోసం అమ్మారు. మన కొరమీను సంగతే చూడండి. ఇంగ్లీషులో దాన్ని పాముతల అంటారు. మన మార్కెట్లో ఆ పాముతలకే ఎక్కువ ధర పెట్టి, బతికున్నదే కావాలని బేరమాడి మరీ కొంటాం.

నాకు అన్నిటికంటే కోపం తెప్పించేది ఇంకొకటి. లీచ్ లేక్ ఓజిబ్వే ప్రజల సరస్సు. ఒప్పందాల ప్రకారం అక్కడ చేపలు పట్టే హక్కు వాళ్ళకుందని 1971లో ఫెడరల్ కోర్టు చెప్పాల్సి వచ్చింది. ఓజిబ్వే సమాజంలో వలలు అల్లడం, వెయ్యడం, చేపలు ఎండబెట్టి చలికాలానికి దాచడం ఆడవాళ్ళ పని. ఆ పనిని మంచు గదిలో బీరు సీసాతో సేదతీరే మగవాళ్ళ వినోదంగా ప్రపంచానికి చూపించారు. 1993లో వచ్చిన 'గ్రంపీ ఓల్డ్ మెన్' సినిమా అదే రాష్ట్రంలోని వబాషా ఊళ్ళో నడుస్తుంది. మంచు మీద గాలాలేసుకునే ఇద్దరు ముసలాళ్ళు, ఎదురింట్లోకి దిగిన ఒక స్త్రీ. ఆమె కాలేజీ ప్రొఫెసరు, మనలాంటిదే. కథకి కావలసింది మాత్రం ఆమె ఎవరికి దక్కుతుందన్నదే.

చలికాలంలో ఊరు బతకడానికి ఈ ఉత్సవం కావాలంటారు. నిజమే. లాడ్జిలు, హోటళ్ళు నడవాలి, వాటిలో గదులు తుడిచేదీ వంట చేసేదీ ఎక్కువగా ఆడవాళ్ళే. ఉత్సవం మానెయ్యమని నేననడం లేదు. మంచు మీద తూకం వేసేటప్పుడు బరువుతో పాటు కడుపులో ఎన్ని గుడ్లున్నాయో కూడా మైకులో చదవమనండి. అప్పుడు ఎంతమంది నవ్వుతారో చూద్దాం.