తెరిచిన పెరుగు డబ్బా

కిందటి నెల చుట్టాలొచ్చారని కిలో పెరుగు డబ్బా తెచ్చినం. సగం మిగిలింది. పైన ఉండే రేకు కాగితం ఒకసారి చింపితే మళ్లీ అంటుకోదు కదా, దాన్నే మడిచి ఫ్రిజ్‌లో పెట్టిన. రెండు రోజులకు మా ఇంటాయన రాత్రిపాళీ నుంచి వచ్చి అన్నంలో కలుపుకొని, ఒక్క ముద్దకే కంచం జరిపిండు. పక్కన కోసిపెట్టిన ఉల్లిగడ్డ వాసనంతా పెరుగుకు పట్టింది! మగ్గాల దగ్గర రాత్రంతా నిలబడొచ్చిన మనిషి ఉత్త అన్నం తిని పడుకున్నడు. నేను బీడీలు చుట్టిన డబ్బుతో కొన్న పెరుగది.

అప్పటినుంచి పద్ధతి మార్చిన. గిన్నెకు సాగదీసి తొడిగే సిలికాన్ మూతలు వస్తున్నయి, కడిగి మళ్లీ మళ్లీ వాడుకోవచ్చు. కొనాలనేం లేదు, గట్టి మూతున్న స్టీలు డబ్బా అయినా చాలు. దాన్ని ఫ్రిజ్ తలుపులో పెట్టొద్దు. తీసినప్పుడల్లా వేడిగాలి తగిలేది అక్కడే. లోపలి అరలో వెనక్కి పెట్టాలి.

తడి గరిటె, ఎంగిలి చెంచా ముంచొద్దు. (మా పిల్లలకు చెప్పి చెప్పి నోరు నొచ్చింది.) కావలసినంత వేరే గిన్నెలోకి తీసి, డబ్బా వెంటనే లోపల పెట్టేయాలి. పైన తేరిన నీళ్లు పారబోయకండి, కలిపేయండి. పులిస్తే మజ్జిగ పులుసు ఉండనే ఉంది. బూజు కనబడితే మాత్రం పైపైన తీసేసి తినొద్దు, మొత్తం పారేయాలి.

మన జోడ్‌భావి పేట్‌లో ఫ్రిజ్ లేని ఇండ్లు కూడా ఉన్నయి. వాళ్లు ఎండాకాలం చిన్న డబ్బాలే కొనాలి. మిగిలితే మట్టి దుత్తలో పోసి, మూతపెట్టి, తడిగుడ్డ చుట్టి, నీళ్ల పళ్లెంలో గాలి తగిలేచోట పెడితే ఒక పూట ఆగుతది.