అరువు ఆట

అరువు సొమ్ములు బరువు చేటు అన్నారు పెద్దలు. ఆటల మాటేమిటి మరి?

మొన్న సెలవులకి మా అక్కయ్య న్యూజెర్సీ నుంచి వచ్చింది. వెంట ఇద్దరు కొడుకులు, వాళ్ళ చేతుల్లో రెండు నింటెండో స్విచ్‌లు! ఒకటే పేచీ. పెద్దాడి ఆట చిన్నాడికి కావాలి. "ఇచ్చేస్తే నేనేం ఆడను మామయ్యా?" అంటాడు వాడు.

సంగతేమిటని ఆరా తీశాను. డౌన్‌లోడ్ చేసి కొన్న ఆటనీ కార్డులాగే అప్పిచ్చే పద్ధతి 2025 ఏప్రిల్‌లో వచ్చిందట. ఎవరికి పడితే వాళ్ళకి కాదు సుమండీ, ఎనిమిది మంది దాకా ఉండే ఫ్యామిలీ గ్రూపులోని వాళ్ళకే. ఇచ్చేటప్పుడు రెండు యంత్రాలూ పక్కపక్కనే ఉండాలి. గడువు 14 రోజులు. అన్నాళ్ళూ ఇచ్చినవాడు ఆడలేడు. గడువు తీరిందా, ఆట తనంతట తానే సొంతదారు దగ్గరికి చేరిపోతుంది.

వింటుంటే నా గుండె కలుక్కుమంది. ఏడో క్లాసులో స్నేహితుడి వీడియోగేమ్ క్యాసెట్ అడిగి తెచ్చి పోగొట్టాను. భయపడి చెప్పలేదు. వాళ్ళ వీధిలోకి వెళ్ళడమే మానేశాను. ఇప్పటికీ మాటల్లేవు.

చివరికి పెద్దాడు ఇచ్చాడు. రెండు వారాలు కాగానే ఆట వెనక్కి పోయింది. చిన్నాడు ఏడుపు లంకించుకున్నాడు. "నువ్వు ఆడినంతా నీ దాంట్లో భద్రంగానే ఉందిరా, మళ్ళీ ఇస్తాలే" అన్నాడు అన్న.

ఆటని యంత్రం తిరిగిచ్చేస్తుంది, సరే. స్నేహాన్ని మనమే తిరిగి తెచ్చుకోవాలి. ఈ ఆదివారం వాడింటికి వెళ్తున్నాను. చేతిలో క్యాసెట్ లేదు, క్షమాపణ మాత్రం ఉంది. చాలంటారా?