తలతాడు వేయడం నేర్పాలి

రాయలసీమ పల్లెల్లో పశువైద్యుడిగా పనిచేసినన్నాళ్లూ గాడిదల ముక్కు మీద, చెవుల వెనక పుండ్లకు మందు రాస్తూనే ఉన్నాను. వాటిలో చాలావరకు రోగంతో వచ్చినవి కావు. సన్నటి నైలాన్ తాడు తలకు బిగించి, కదలకపోతే గుంజి, గుంజినా కదలకపోతే కొట్టడం వల్ల పడినవి. అందుకే పశువైద్య శిబిరాల్లో టీకాలతో పాటు తలతాడు అలవాటు చేసే పద్ధతి కూడా చూపించాలని కోరుతున్నాను.

బెదిరితే గుర్రం పరుగు తీస్తుంది. గాడిద చాలాసార్లు ఉన్నచోటే నిలబడిపోతుంది. ముందున్నది ప్రమాదమో కాదో తేలేదాకా అడుగు వేయదు. దానికే మనం మొండితనమని పేరు పెట్టాం. ఆ సమయంలో తాడు గుంజితే దాని భయం రెట్టింపవుతుంది.

తలతాడు అలవాటు చేయాలంటే మొదట మెడ, భుజం నిమరాలి. రోజు రోజుకూ చేతిని చెంపల దాకా, చెవుల మొదళ్ల దాకా పోనివ్వాలి. తాడును వాసన చూడనివ్వాలి. నూలు పట్టీని చెవుల మీదుగా తోయకుండా, మెడ వెనక నుంచి తెచ్చి చెంప పక్కన కట్టాలి. ముక్కు పట్టీ ముక్కుపుటాల దాకా జారకూడదు. దాని కింద రెండు వేళ్లు దూరాలి. నడిపించేటప్పుడు ఒక్క అడుగు వేసినా వెంటనే తాడు వదులు చేయాలి. జత గాడిదను కనబడేలా నిలబెడితే బెదురు తగ్గుతుంది.

కళ్లెం సంగతి ఆ తర్వాతే. అదీ బండికి కట్టేవాటికే, పళ్లు పరీక్ష చేయించాకే. ముళ్లున్న కళ్లేన్ని 1965 నాటి కేంద్ర నిబంధనలే నిషేధించాయి.

ఇటుక బట్టీలో రోజు కూలి పోతే పొయ్యి వెలగదు, ఇంత ఓపిక ఎక్కడిదని యజమానులు అడుగుతారు. న్యాయమైన ప్రశ్నే. కానీ ఇది మేత వేసేటప్పుడు రోజూ కాసేపు చేసే పని. పుండుపడిన గాడిద పనికి రాని రోజుల్లో పోయే కూలి ఇంతకంటే ఎక్కువ. తలతాడుకు అలవాటుపడిన గాడిద సూది వేయించుకుంటుంది, గిట్టలు చూడనిస్తుంది.

2012 పశుగణనలో దేశంలో సుమారు 3.2 లక్షల గాడిదలుండగా, 2019 నాటికి 1.2 లక్షలే మిగిలాయి. ఉన్నవాటినైనా నొప్పి లేకుండా బతకనిద్దాం. శిబిరానికి గాడిదను తోలుకొచ్చిన ప్రతి కుటుంబానికీ పశుసంవర్ధక శాఖ ఒక నూలు తలతాడు ఇచ్చి, దాన్ని ఎలా వేయాలో అక్కడే, ఆ గాడిదకే వేసి చూపించాలి.