గృహనిర్వహణము: వానకోటు లోపొర



మృగశిర కార్తె రాకముందే మనము ఊరగాయ జాడీలకు వాసెన కట్టుదుము, వంటచెరకును పొడిచోటికి చేర్చుదుము. ఇంటివారి వానకోటు మాత్రము చినుకు పడిన నాడుగాని జ్ఞప్తికి రాదు. ఆనాడు పెట్టె తెరచి చూచినచో లోపలి పొర జిగటపడి, పొలుసులుగా రాలుచుండును. “పట్టుమని పది వానలకైనను వాడలేదే!” యని నొచ్చుకొందుము. మా మనవి యేమన, వానకంటె పెట్టెలోని చెమ్మయు, ఉక్కయు దానికెక్కువ చేటు.

నేటి తేలికపాటి కోట్లలో పెక్కింటికి పైబట్ట నైలానుదో, పాలియెస్టరుదో యైనను, నీటి నాపునది లోపల పూసిన పలుచని పాలియూరిథేను పొర. అందలి బంధములను తేమ మెల్లగా తెంచును. వేడిమి యా పనిని త్వరపెట్టును. కాలువలు, వరిచేలు, సముద్రపుగాలి గల మన గోదావరి సీమలో తేమకు కొదువ యేమి? చెమటయు, తలనూనెయు మెడవద్ద చేరి చెరుపును హెచ్చించును.

ఈ చిక్కు క్రొత్తది గాదు. 1823లో స్కాట్లండు దేశీయుడగు చార్లెస్ మాకింతోషు రెండు బట్టల నడుమ రబ్బరు నుంచిన గుడ్డకు పేటెంటు పొందెను. ఆ తొలి కోట్లును వేడికి జిగటపడి, చలికి బిగుసుకొనెడివి.

కావున తడికోటును మడిచి పెట్టరాదు. మొదట లోపలివైపును, పిదప వెలుపలివైపును నీడపట్టున గాలికి ఆరవేయవలెను. వానకాలమున నెలకొకమారు చన్నీట, ఘాటులేని సబ్బుతో, చేతితో నుతుకవలెను. బండపై బాదరాదు, పిండరాదు, బ్లీచింగుపొడి తగులనీయరాదు. దాచునపుడు ప్లాస్టిక్ సంచిలో బిగింపక కొక్కెమునకు వ్రేలాడదీయుడు. భాద్రపదముతో దాని పని తీరెనని తలపకుడు. కోనసీమను కూల్చిన 1996 నాటి తుఫాను వచ్చినది నవంబరు 6వ తేదీన గదా!

కుట్లపై నంటించిన పట్టీ యూడినచో తగిన జిగురుతో మరల నంటింపవచ్చును. లోపొరయే రాలినచో దానిని నిలుపుట మనవలన గాదు. వెలుపల చల్లెడి మందు నీటిబొట్లను జార్చునేగాని లోపొరకు బదులు గాదు. అట్టి కోటును నమ్మి రాత్రివేళ చేనిగట్టునకు పోవు రైతైనను, మోటారుసైకిలుపై దూరపు బడికి పోవు పంతులమ్మయైనను నడిదారిలో తడిసి వణకవలసినదే.

నేడే కోటును తిరగవేసి, లోపొరను వ్రేలితో రుద్ది చూడుడు. పొడి రాలినచో తొలకరికి ముందే వేరొకటి సమకూర్చుకొనుడు.