చెయ్యి తిరిగింది!

మొన్న మా మనమడు డ్రాయింగు పుస్తకం విసిరికొట్టి, "నా చెయ్యి తిరగదు తాతయ్యా, నాకీ బొమ్మలొద్దు" అన్నాడు. వాడికి చెప్పిన కథే పాఠకులకూ మనవి చేస్తున్నాను.

అమెరికాలోని యూటా రాష్ట్రంలో ఎడ్విన్ కాట్‌మల్ అని ఒక కుర్రవాడుండేవాడు. డిస్నీ కార్టూను చిత్రాలు చూసి, తానూ అలాంటి బొమ్మలు వేసి ఆడించాలని కలలు కన్నాడు. పెద్దవాడౌతున్నకొద్దీ ఒక సంగతి బోధపడింది—తనకు అంత చక్కగా గీయడం రాదు! సరే, భౌతికశాస్త్రం, కంప్యూటరు చదువు పట్టాడు. కాని ఆశ చావలేదు. చేత్తో గీయలేనిది యంత్రం చేత గీయిస్తేనో?

1972లో యూటా విశ్వవిద్యాలయంలో చదువుతూ, తన ఎడమచేతికే అచ్చు తీసి, ప్లాస్టరు చెయ్యి పోతపోశాడు. దాని మీద సిరాతో సుమారు 350 త్రికోణాలూ, బహుభుజులూ గీశాడు. ప్రతి మూలా ఎంత ఎత్తున, ఎంత పక్కకు, ఎంత లోతున ఉందో కొలిచి, ఆ అంకెలన్నీ కంప్యూటరుకు ఎక్కించాడు. యంత్రానికి చెయ్యేమిటో తెలియదు గదా, తెలిసిందల్లా అంకెలే!

ఇలా కట్టిన బొమ్మ పలకలు అతికించినట్టు ఉంటుంది. ఆ అతుకులు కనబడకుండా వెలుగునీడలు అద్దే లెక్కను ముందటి ఏడే, 1971లో, అక్కడి విద్యార్థి ఆన్రీ గూరో కనిపెట్టాడు. ఆయన ప్రయోగం మరీ విడ్డూరం—భార్య ముఖం మీదే గీతలు గీసి కొలతలు తీసుకున్నాడు! ఆ ఇల్లాలి ఓర్పుకు నమస్కారం.

తుదకు తెర మీద చెయ్యి తిరిగింది. వేళ్ళు ముడిచింది, చాపింది, చూసేవారి వైపు వేలు చూపింది. ఆపైన చూపు చేతి లోపలికే దూరింది. ఎముకా లేదు, నెత్తురూ లేదు—అంతా డొల్ల!

1976లో ఆ చెయ్యి 'ఫ్యూచర్ వరల్డ్' అనే హాలీవుడ్ చిత్రంలో కనిపించింది. 1995లో కాట్‌మల్ బృందమైన పిక్సార్ 'టాయ్ స్టోరీ' తీసింది. ఆసాంతం కంప్యూటరు బొమ్మలతోనే తయారైన మొట్టమొదటి పూర్తి నిడివి చిత్రం అదే. చేతికీ దానికీ నడుమ 23 ఏళ్ళు! 2011లో ఆ చేతి ఫిల్మును అమెరికా జాతీయ చలనచిత్ర పట్టికలో చేర్చి భద్రపరిచారు.

అంతా విని మావాడు, "ఐతే బొమ్మలు రాకపోయినా ఫరవాలేదన్నమాట!" అన్నాడు.

"ఫరవాలేదు. కాని 350 ముక్కలూ కూర్చుని కొలవాలి" అన్నాను.

వాడు కాసేపు ఆలోచించి, విసిరిన పుస్తకం కోసం మంచం కింద వెతకసాగాడు.