టైరులో ఎండ

మా పల్నాటి ఎండ సంగతి కొత్తగా చెప్పనక్కరలేదు. వేసవి వచ్చిందంటే పత్రికల్లో రెంటచింతల పేరు కనబడుతూనే ఉంటుంది. అటువంటి మే నెలలో, అందునా మిట్టమధ్యాహ్నం, పిల్లలను వెంటబెట్టుకుని నరసరావుపేట నుంచి మాచర్లకు కారులో పెళ్ళికి బయలుదేరడం నా తెలివికి మొదటి నిదర్శనం. రెండోది దారిలో జరిగింది.

రెంటచింతలలో మంచినీళ్ళకని ఆగాము. టైరు మీద చెయ్యి వేస్తే చుర్రుమన్నది. పొద్దున చదరపు అంగుళానికి 30 పౌన్లు పట్టించిన గాలి, కొలిచి చూస్తే 34 దాటి ఉంది. పేలుతుందేమోనని భయపడి, ఎవరినీ అడగకుండా నాలుగు చక్రాలకూ గాలి తీసి 30కి దించాను. సంసారిగా నా బాధ్యత నెరవేర్చానని తృప్తిపడ్డాను కూడా.

మర్నాడు తెల్లవారుజామున తిరుగు ప్రయాణం. మాచర్లలో పంక్చర్లు వేసే అబ్బాయి గాలి కొలిచి, "26 ఉందండీ. ఎవరు తీశారు మాస్టారూ?" అన్నాడు. చెప్పాను. "ఎండనబడి వచ్చిన టైరుకు గాలి తీయగూడదండీ. పొద్దున్నే, బండి కదలకముందు చూసుకోవాల. గాలి తక్కువైతేనే టైరు నలిగి నలిగి, కాగి పేలేది" అన్నాడు.

నాకు గుండె ఝల్లుమంది. అయినా సందేహం తీరలేదు. 30 దగ్గర ఆపితే 26 ఎలా అయింది? ఇంటర్మీడియట్ చదువుతున్న మా అమ్మాయి అందుకుంది.

"మూసిపెట్టిన గాలి వేడెక్కితే దాని అణువులు మరింత జోరుగా, మరిన్నిసార్లు గోడలను ఢీకొంటాయి. అదే పీడనం పెరగడం, నాన్నా!"

"పొద్దున 27 డిగ్రీలు, టైరులో 57 అనుకుందాం. వేడి రెట్టింపు దాటింది గదా! 30 కాస్తా 60 కావద్దూ?"

"లెక్క మంచు గడ్డకట్టే సున్నా నుంచి కాదు. దానికి 273 డిగ్రీల కింద నుంచి మొదలుపెట్టాలి. అప్పుడు 27 అంటే 300, 57 అంటే 330. పెరిగింది పదోవంతే. మీటరు చూపే 30కి బయటి గాలి పీడనం సుమారు 15 కలిపితే 45. అందులో పదోవంతు నాలుగున్నర. అందుకే 34 దాటింది. నువ్వు వేడి మీద 45కి దించావు. రాత్రి చల్లారాక అది 41. అందులో 15 తీసేస్తే మిగిలేది 26."

ఈ సంబంధాన్ని 1700 ప్రాంతంలోనే ఫ్రాన్సు దేశపు అమాంతన్ గమనించాడు. ఆ అట్టడుగు సున్నా నుంచి లెక్కపెట్టే కొలమానాన్ని 1848లో కెల్విన్ ప్రతిపాదించాడు. తెలుగు ఎం.ఏ. అయిన నాకు ఇద్దరూ అందలేదు గాని, పంక్చర్లు వేసే అబ్బాయికి వారి సారమంతా తెలుసు.

అయిపోయిందనుకున్న దోమలమందు డబ్బాను ఎండలో ఉన్న కారులో వదలవద్దనీ, మంటలో పారేయవద్దనీ చెప్పేదీ ఇందుకే. డబ్బా ఖాళీ అయినా లోపల వాయువు మిగిలే ఉంటుంది.

ఆ ఉదయం చల్లని టైర్లలో మళ్ళీ 30 పౌన్లు పట్టించుకుని బయలుదేరాము. దారిలో రెంటచింతల దగ్గర మళ్ళీ ఆగాము. ఈసారి మంచినీళ్ళు తాగి, టైర్ల జోలికి పోకుండా కారెక్కాను.